‘యువర్ హిట్ పరేడ్’ కేస్ స్టడీ: ఒకే పాటను వారం వారం కొత్తగా చూపించాల్సి వస్తే

1951లో అమెరికాలో ‘టూ యంగ్’ అనే ప్రేమపాట ‘యువర్ హిట్ పరేడ్’ అనే వారపు హిట్ పాటల కార్యక్రమం లెక్కలో 12 వారాలు ఒకటో స్థానంలో ఉంది. దాన్ని జనంలోకి తీసుకెళ్లింది నాట్ కింగ్ కోల్ రికార్డు. నెమ్మదిగా సాగే పాట. కథ లేదు, సంఘటన లేదు. ప్రేమించే వయసు మీకింకా రాలేదంటున్నారని ఒక జంట పడే బాధ, అంతే. రేడియోలో అయితే చిక్కు లేదు. గాయకుడు మైకు ముందుకొస్తాడు, పాడతాడు, పై వారం మళ్లీ పాడతాడు. టీవీలో అలా కుదరదు. పోయిన శనివారం పార్కు బెంచీ మీద పాడించారనుకుందాం. ఈ శనివారం మళ్లీ అదే బెంచీ కనపడితే చూసేవాళ్లు ‘ఇది పాతదే’ అని లేచిపోతారు. 12 వారాలు ఒకటో స్థానంలో ఉండటానికి ముందు పైకెక్కిన వారాలు, తర్వాత కిందికి దిగిన వారాలు కూడా కలుపుకుంటే డైరెక్టరు పరిస్థితి ఏమిటో ఊహించుకోవచ్చు.

నేను తెలుగు చానళ్లకు పాటల కార్యక్రమాలు డైరెక్ట్ చేస్తుంటాను. కొత్తగా ఫ్లోరు మీదికొచ్చే అసిస్టెంట్లకు పాటకు బొమ్మ కట్టడం, అంటే తెర మీద ఏం చూపించాలన్నది చెప్పాల్సి వస్తే ఎక్కువగా ఈ కార్యక్రమాన్నే ఎత్తుకుంటాను. టీవీ మొదటి రోజుల్లో ఈ ప్రశ్నను వారం వారం ఎదుర్కొన్నది ఇదే. చాలా ఏళ్లు దాన్ని అద్భుతంగా గట్టెక్కింది కూడా. 1959లో మూతపడింది. ‘రాక్ అండ్ రోల్ వచ్చింది, ఇది పోయింది’ అని అందరూ ఒక్క ముక్కలో తేల్చేస్తారు. అందులో సగమే నిజమని నా అభిప్రాయం. మిగతా సగం మా వృత్తిలోవాళ్లకు ఎక్కువ పనికొచ్చేది.

కార్యక్రమం పుట్టుక

రేడియోలో ‘యువర్ హిట్ పరేడ్’ 1935 ఏప్రిల్ 20న మొదలైంది. డబ్బు లక్కీ స్ట్రైక్ సిగరెట్లది. ఆ రోజుల్లో కార్యక్రమం చానల్ చేతిలో ఉండేది కాదు. స్పాన్సరు, అతని ప్రకటనల ఏజెన్సీ కలిసి తయారుచేసుకునేవాళ్లు, చానల్ సమయం అమ్మేది. ఆ వారం దేశంలో ఏ పాటలు పైనున్నాయో ఏజెన్సీయే సర్వే చేయించేది. అచ్చయిన స్వరాల కాగితాల అమ్మకం, రికార్డుల అమ్మకం, రేడియోలో ఎన్నిసార్లు వినపడింది, జూక్‌బాక్సుల్లో (డబ్బులేస్తే పాడే యంత్రాల్లో) ఎన్నిసార్లు నాణెం పడింది, ఇవన్నీ కలిపి లెక్క తీసేవాళ్లు. దేనికెంత వెయిటేజీ అన్నది బయటపెట్టలేదు. 1940లలో ఫ్రాంక్ సినట్రా కూడా ఇందులో పాడాడు.

ఇక్కడ ఒక సంగతి గట్టిగా పట్టుకోవాలి, కథంతా దాని చుట్టూనే తిరుగుతుంది. 1935 నాటి అమెరికాలో పాట అంటే అచ్చు కాగితం. దాన్ని కొనుక్కొచ్చి ఇంట్లో పియానో మీద వాయించుకునేవాళ్లు. ఒకే పాటను నాలుగైదు బ్యాండ్లు రికార్డు చేసేవి, అన్నీ అమ్ముడయ్యేవి. పాట ఎవరిదంటే రాసినవాళ్ల పేరు, అచ్చేసిన కంపెనీ పేరు చెప్పేవాళ్లు. పాడినవాళ్లు ఎవరైనా కావచ్చు. అందుకే ‘ఈ వారం దేశం మెచ్చిన పాటలు మా గాయకుల నోట’ అంటే ఎవరికీ వింతగా తోచలేదు. ఆ కాలానికి అది పూర్తిగా సబబైన మాట.

ఇక టీవీ. అమెరికా టీవీలో సంగీత కార్యక్రమాలు కాస్త ఆలస్యంగా రావడానికి ఒక కార్మిక సంఘం కారణం. జేమ్స్ పెట్రిల్లో నాయకత్వంలోని సంగీత కళాకారుల సంఘం, తన సభ్యులెవరూ టీవీలో లైవ్‌గా వాయించకూడదని 1945 నుంచి అడ్డుపెట్టింది. 1948 మార్చిలో గానీ అది తొలగలేదు. మార్చి 20న ఒకే రోజు సీబీఎస్‌లో యూజీన్ ఆర్మండీ, ఎన్‌బీసీలో టోస్కనీని ఆర్కెస్ట్రాలతో తెర మీదికొచ్చారు. మూడు నెలలు తిరక్కుండానే వెరైటీ కార్యక్రమాలు వరద కట్టాయి. జూన్ 8న మిల్టన్ బెర్ల్ ‘టెక్సాకో స్టార్ థియేటర్’, జూన్ 20న ఎడ్ సల్లివన్ ‘టోస్ట్ ఆఫ్ ద టౌన్’. ఈ రెండూ పాత వాడ్‌విల్ స్టేజీ వరసలోనివే. గారడీవాడు వస్తాడు, గాయని వస్తుంది, కోతుల ఆట వస్తుంది, మధ్యలో హోస్టు మాట్లాడతాడు. అక్కడ డైరెక్టరు తల పట్టుకునేది ఈ వారం ఎవరు దొరుకుతారా అని. హిట్ పరేడ్‌లో మనుషులు ఎప్పుడూ వాళ్లే, పాటలు కూడా చాలావరకు పోయిన వారానివే. మారాల్సింది బొమ్మ ఒక్కటే.

1950 జులైలో ప్రయోగంగా కొన్ని ఎపిసోడ్లు చేసి, అక్టోబర్ 7 నుంచి ఎన్‌బీసీలో ప్రతి శనివారం రాత్రి 10:30కు పెట్టారు. దానికి ముందు తొమ్మిది నుంచి గంటన్నర సేపు సిడ్ సీజర్ ‘యువర్ షో ఆఫ్ షోస్’. అంటే కడుపుబ్బ నవ్వి కూర్చున్న ప్రేక్షకుడికి చివరి అరగంట పాటలు. స్లాటుగా చూస్తే బంగారం. అప్పటికి అమెరికాలో టీవీ ఉన్న ఇళ్లు నూటికి తొమ్మిది. కార్యక్రమం ముగిసేనాటికి 86.

ఫ్లోరు మీద

ఈ భాగం కాస్త పొడుగ్గా చెబుతాను. కినెస్కోపుల్లో, అంటే అప్పటి ఫిల్ము కాపీల్లో మిగిలిన ఎపిసోడ్లు చూస్తే ఇప్పటివాళ్లకు ‘ఇదేముంది, సెట్ వేసి పాడించారు’ అనిపిస్తుంది. వాళ్ల చేతులు ఎంత కట్టేసి ఉన్నాయో తెలిస్తే ఆ మాట రాదు.

మొదటి సంగతి, అంతా లైవ్. వీడియో టేపు యంత్రాన్ని ఆంపెక్స్ కంపెనీ చూపించిందే 1956లో. అప్పటిదాకా దాచుకోవాలంటే టీవీ గొట్టానికి ఎదురుగా ఫిల్ము కెమెరా పెట్టి తీయడమే, దాన్నే కినెస్కోప్ అనేవాళ్లు. 1951 సెప్టెంబరులో అమెరికా రెండు తీరాల మధ్య టీవీ లైను కలిసేదాకా పడమటి తీరంవాళ్లు చూసింది ఆ మసక ఫిల్మే. రీటేకు లేదు, ఎడిటింగు లేదు. దీపం పడిపోయినా, గాయని పాదం సెట్టుకు తగిలినా ఊరంతా చూస్తుంది.

రెండోది కెమెరా. ఇమేజ్ ఆర్థికాన్ గొట్టంతో నడిచే బరువైన పెట్టె. ముందు తిరిగే చక్రం మీద నాలుగు లెన్సులు. వైడ్ నుంచి క్లోజప్‌కు వెళ్లాలంటే చక్రం తిప్పాలి. తిప్పేటప్పుడు ఆ కెమెరా ఆన్ ఎయిర్‌లో ఉండకూడదు. కాబట్టి ప్రతి లెన్సు మార్పుకూ ముందు ఇంకో కెమెరాకు కట్ కొట్టాలి. ఆ ఇంకో కెమెరా అప్పటికే తన చోటులో, తన లెన్సుతో సిద్ధంగా ఉండాలి. పాటలో ఎనిమిది షాట్లుంటే కెమెరాల కదలిక ఒక డాన్సు కంపోజిషనే అవుతుంది. పైగా ఆ గొట్టానికి ఓ జబ్బుంది. మెరిసే వస్తువు కనపడితే దాని చుట్టూ నల్లటి అంచు కడుతుంది. గాయని చెవి లోలాకులు, ట్రంపెట్ అంచు, తెల్ల చొక్కా, అన్నీ ముందే చూసుకోవాలి.

మూడోది శబ్దం. గాయకుడి చొక్కాకు తగిలించే చిన్న మైకులు అప్పట్లో లేవు. తల పైన బూమ్, అంటే పొడవాటి కడ్డీకి కట్టిన మైకు వేలాడుతూ ఉండాలి. క్లోజప్‌లో బాగానే ఉంటుంది. వైడ్ షాట్ కొట్టగానే బూమ్ పైకి లేవాలి, దాంతో గొంతు దూరమవుతుంది. లైటు ఒక్క అడుగు అటూ ఇటూ అయితే బూమ్ నీడ గాయకుడి మొహం మీద పడుతుంది. ఆర్కెస్ట్రా వాయించేది అప్పుడే, గాయకులు పాడేది అప్పుడే.

ఇప్పుడు రన్‌డౌన్, అంటే ఏది ఏ వరసలో వస్తుందో రాసుకున్న పట్టీ చూడండి. అరగంటలో సర్వేలోని ఏడు పాటలు, పైన ‘ఎక్స్‌ట్రా’ పేరుతో రెండు మూడు పాత పాటలు, మధ్యలో సిగరెట్టు ప్రకటనలు. అవీ చాలావరకు లైవే. దాదాపు ప్రతి పాటకూ ఒక సెట్, ఒక డ్రెస్సు. నలుగురు గాయకులు ఎందుకంటే వంతులేసుకోవడానికి. ఒకరు పాడుతుంటే ఇంకొకరు బట్టలు మార్చుకుంటారు, మూడోవారు పక్క సెట్లో చోటు చూసుకుని నిలబడతారు. ప్రకటన వచ్చిందంటే ప్రేక్షకుడికి విసుగేమో గానీ, ఫ్లోర్ మేనేజరుకు ప్రాణం లేచొచ్చే నిమిషం అదే. ఇందులో ఇంకో మెలిక ఉంది. ఏ పాట ఏ స్థానంలో ఉందో తేల్చేది సర్వే. ఒకటో పాటను ఊరించి చివరికి పెట్టాల్సిందే. మిగతా వరసను మన సౌకర్యం కోసం ఎంత మార్చుకున్నా, పెద్ద సెట్లు అడిగే పాటలు రెండూ చివర్లోనే వచ్చిపడితే తప్పించుకోవడం కష్టం. కౌంట్‌డౌన్ కార్యక్రమాలు చేసినవాళ్లందరికీ ఈ నొప్పి తెలుసు. మనకిప్పుడు ఎడిటింగ్ టేబుల్ ఉంది, వాళ్లకు లేదు.

ఈ పరిస్థితుల్లో పనిచేసిన జట్టు మామూలుది కాదు. స్నూకీ లాన్సన్, డొరొతీ కాలిన్స్, ఐలీన్ విల్సన్ మొదట్లో ఉన్నారు. తర్వాత రసెల్ ఆర్మ్స్, కెనడా నుంచి జిజెల్ మెకెంజీ చేరారు. డైరెక్టర్లలో ముఖ్యుడు క్లార్క్ జోన్స్. డాన్సులు టోనీ చర్మోలీవి. ఇందులో చేసిన ఒక డాన్సుకే ఆయనకు 1956లో ఎమ్మీ టీవీ అవార్డు వచ్చింది. మొదటి సీజన్లో నర్తకుల్లో ఒకరు బాబ్ ఫాసీ, తర్వాత పేరుమోసిన డాన్సు డైరెక్టరు. ఆర్కెస్ట్రా రేమండ్ స్కాట్ చేతిలో. ఈయన సంగతి విడిగా రాయాల్సినంత ఉంది. వారం వారం హిట్లు వాయించింది ఇల్లు గడవడానికి, ఆ డబ్బుతో చేసుకున్నది ఎలక్ట్రానిక్ సంగీత యంత్రాలు. ఆయన పాత బాణీలు బగ్స్ బన్నీ కార్టూన్లలో వాడుకున్నారు కాబట్టి పేరు వినకపోయినా స్వరం వినే ఉంటారు.

బొమ్మ ఎలా మార్చారు

ఉన్న ఎపిసోడ్లు వరసగా చూస్తే పద్ధతి అర్థమవుతుంది. పాటను ఒక చిన్న నాటకం చేసేవాళ్లు. మూడు నిమిషాల్లో ఒక చోటు, ఒకరిద్దరు మనుషులు, ఒక చిన్న మలుపు. గాయకుడు ఒక్కోసారి ఆ నాటకంలో పాత్ర, ఒక్కోసారి పక్కన నిలబడి చూసేవాడు, ఒక్కోసారి నర్తకుల కథకు వెనక నుంచి వచ్చే గొంతు మాత్రమే. పాడేవాళ్లు మారితే పాట వయసు మారుతుంది. మగవాడు పాడితే ఫిర్యాదుగా వినపడే ప్రేమపాట ఆడగొంతులో ఓదార్పుగా వినపడొచ్చు. చోటు మారితే రుతువు మారుతుంది. ఎదురుగా ఎవరున్నారన్నది మారితే అర్థమే మారుతుంది: ప్రియుడికి పాడినది చంటిబిడ్డకు పాడొచ్చు, అద్దంలో తనకు తాను పాడుకోవచ్చు.

ఇక్కడ నాకు ఒక విషయం తెలిసొచ్చింది. మొదట్లో నేనూ అందరిలాగే కథ ఉన్న పాటలు తేలిక, ఉత్త ప్రేమపాటలు కష్టం అనుకునేవాణ్ని. వారాల లెక్కలో చూస్తే తలకిందులు. 1953లో పాటీ పేజ్ ‘కిటికీలో కుక్కపిల్ల ఎంత’ అనే పాట దేశాన్ని ఊపేసింది. మొదటి వారం దాన్ని ఎవరైనా తీస్తారు: ఒక దుకాణం, ఒక కిటికీ, ఒక కుక్కపిల్ల, బేరమాడే అమ్మాయి. రెండో వారం కుక్కపిల్లను మార్చొచ్చు. ఆరో వారం ఏం చేస్తారు? మాటలే బొమ్మను గట్టిగా పట్టేసుకున్నాయి, కిటికీ తీసేస్తే పాటే పోతుంది. ‘టూ యంగ్’లాంటి ఖాళీ పాట మొదటి వారం భయపెడుతుంది గానీ తర్వాత రైలు స్టేషన్లో పెట్టినా ఒదుగుతుంది, పెళ్లి పందిట్లో పెట్టినా ఒదుగుతుంది. మా దగ్గర పెళ్లిళ్ల సీజన్ స్పెషల్‌కు ప్రతిసారీ అవే పాటలు తిరిగొస్తాయి. అందులో పేరంటాలు, పారాణి, తలంబ్రాలు అని వరసగా పేర్లు చెప్పే పాట కంటే ఉత్తినే ‘నువ్వొచ్చావు’ అనే పాటతోనే నేను ఎక్కువసార్లు గట్టెక్కాను. అందుకే అసిస్టెంట్లకు చెబుతాను: ఎక్కువ వారాలు నడుస్తుందనుకున్న పాటకు మొదటి వారమే బ్రహ్మాండమైన ఐడియా వాడెయ్యకండి, మామూలుగా మొదలుపెట్టండి.

ఈ పద్ధతితో సుమారు ఆరేళ్లు కార్యక్రమం నిలబడింది. 1955 దాకా చూస్తే బీటలు పెద్దగా కనపడవు. ఒక్క గుర్తు మాత్రం ఉంది. 1955లో జిజెల్ మెకెంజీ సొంత రికార్డు ‘హార్డ్ టు గెట్’ హిట్టయ్యి జాబితాలోకొచ్చింది. రికార్డు పాడిన గొంతే తెర మీద పాడటం ఈ కార్యక్రమంలో అరుదు. అరుదైనది ఎందుకు విశేషమైందని అప్పుడే ఎవరైనా ఆగి ఆలోచిస్తే బాగుండేది.

హౌండ్ డాగ్ ఏడాది

1956లో రాక్ అండ్ రోల్ గాయకుడు ఎల్విస్ ప్రెస్లీ ‘హౌండ్ డాగ్’ జాబితాలోకొచ్చి వారాలపాటు దిగలేదు. పాట లైబర్, స్టోలర్ రాసింది, బిగ్ మామా థార్న్‌టన్ అంతకుముందే పాడింది. రెండు మూడు వాక్యాలు తిరిగి తిరిగి వస్తాయి. బొమ్మ కట్టడానికి అందులో ఉన్నది కుక్క అనే మాట ఒక్కటి. హిట్ పరేడ్‌లో దాన్ని వారం వారం స్నూకీ లాన్సన్ పాడాల్సొచ్చింది. ఆ పాట్లే కార్యక్రమాన్ని ముంచాయని ఇప్పటికీ చెప్పుకుంటారు. లాన్సన్‌ను ఎగతాళి చేయడం నాకు నచ్చదు. చక్కటి బ్యాండు గాయకుడు. పైగా పుట్టింది మెంఫిస్‌లోనే, ఎల్విస్ పెరిగిన ఊరు. అప్పటికి వయసు 42. తనకిచ్చిన పని చేశాడు.

అదే పాట ఆ ఏడాది టీవీలో ఇంకెలా కనపడిందో పక్కన పెట్టి చూస్తే విషయం తేలుతుంది. జూన్ 5న మిల్టన్ బెర్ల్ కార్యక్రమంలో ఎల్విస్ గిటారు పక్కన పెట్టి నడుము తిప్పుతూ పాడాడు. దేశమంతా గొడవ. జులై 1న స్టీవ్ అలెన్ కార్యక్రమంలో ఆ గొడవ తగ్గించడానికి అతనికి టెయిల్ కోటు తొడిగి, ఎదురుగా ఎత్తు పీఠం మీద నిజంగానే ఒక బాసెట్ హౌండ్ జాతి కుక్కను కూర్చోబెట్టి దానికి పాడించారు. మాటను పట్టుకుని బొమ్మ కట్టడం అంటే ఇదే. వెగటుగా ఉంటుంది, ఎల్విస్‌కూ వెగటుగానే ఉందని మొహంలో తెలుస్తుంది. అయినా జనం చూశారు, ఎందుకంటే పాడుతున్నది అతను. సెప్టెంబర్ 9న సల్లివన్ కార్యక్రమంలో టెయిల్ కోటు లేదు, కుక్క లేదు, వెనక జట్టు. చూసినవాళ్లు సుమారు ఆరు కోట్లు. ఆ రోజు సల్లివన్ కారు ప్రమాదం నుంచి కోలుకుంటూ ఉంటే చార్ల్స్ లాటన్ హోస్టు చేశాడు. హోస్టు లేకపోయినా ఎవరికీ పట్టలేదు.

మూడు చోట్లా బొమ్మ వేరు, డైరెక్టరు వేరు, మర్యాద వేరు. మారనిది గొంతు ఒక్కటే. జనం కొన్నది కాగితం మీది స్వరాలను కాదు. ఆ డ్రమ్ముల మోత, ఆ గిటారు, ఆ అబ్బాయి మాటను మింగి ఉమ్మే తీరు. అవేవీ స్వరాల కాగితంలో ఉండవు. స్కాట్ ఆర్కెస్ట్రా ఎంత శుభ్రంగా వాయిస్తే అంత దూరం జరుగుతాయి. రాసిన పాట కాదు, రికార్డే రచన అయిపోయింది.

ఇదొక్క రాత్రిలో జరగలేదు. 1955లో ఫాట్స్ డొమినో ‘ఎయింట్ దట్ ఎ షేమ్’ను పాట్ బూన్ పాడితే అదే ఒకటో స్థానానికి వెళ్లింది. అప్పటికింకా ఒకరి పాట ఇంకొకరు పాడితే చెల్లేది. తర్వాత త్వరత్వరగా చెల్లకుండా పోయింది. హిట్ పరేడ్ సర్వే మాత్రం రికార్డుల అమ్మకాన్ని కొలుస్తూనే ఉంది. అంటే సర్వే కొలిచేది రికార్డును, తెర మీద ఇస్తున్నది పాటను. కార్యక్రమం మునిగింది ఈ సందులో. రాక్ అండ్ రోల్ ఆ సందును అందరికీ కనపడేలా చేసింది.

వైద్యం

స్పాన్సర్లు, ఏజెన్సీ చూసిన జబ్బు వేరు. గాయకులు పాతబడ్డారు అనుకున్నారు. 1957 శరత్కాలం సీజన్‌కు లాన్సన్, కాలిన్స్, మెకెంజీ, ఆర్మ్స్ అందరినీ తీసేసి జిల్ కోరీ, టామీ లియొనెటీ, అలన్ కోప్లండ్, వర్జీనియా గిబ్సన్‌లను పెట్టారు. స్కాట్ కూడా వెళ్లిపోయాడు. కుర్రవాళ్లొచ్చారు సరే, వాళ్లు కూడా పాడాల్సింది వేరేవాళ్ల రికార్డులే కదా. పాత ప్రేక్షకులకు తెలిసిన మొహాలు పోయాయి, కొత్త ప్రేక్షకులకు కావలసిన గొంతులు రాలేదు. ఏడాదికి ఎన్‌బీసీ వదిలేసింది. 1958లో సీబీఎస్ తీసుకుని డొరొతీ కాలిన్స్‌ను వెనక్కి పిలిచి, తోడుగా జానీ డెస్మండ్‌ను పెట్టింది. డైరెక్ట్ చేయడానికి టొరాంటో నుంచి నార్మన్ జ్యూయిసన్ వచ్చాడు, తర్వాత పెద్ద సినిమాలు తీసినవాడే. జట్టులో లోపం లేదు. 1959 ఏప్రిల్ 24న ఆగిపోయింది.

మధ్యలో 1957 ఆగస్టు 5న ఏబీసీ దేశమంతటికీ ‘అమెరికన్ బ్యాండ్‌స్టాండ్’ మొదలుపెట్టింది. ఫిలడెల్ఫియా స్టూడియో, డిక్ క్లార్క్, స్కూలు పిల్లలు. రికార్డు వేస్తారు, పిల్లలు డాన్సు చేస్తారు. గాయకుడొస్తే రికార్డుకు పెదాలు కలుపుతాడు. సెట్ లేదు, నాటకం లేదు, ఆర్కెస్ట్రా లేదు. పాటకు బొమ్మ కట్టడమే బతుకుదెరువైన నాలాంటివాడికి ఒప్పుకోవడం కష్టమే గానీ, ఆ ప్రేక్షకులకు కావలసింది అదే. ఖర్చు అందులో పిసరంత.

ఏం చేసి ఉండొచ్చు? అసలు గాయకులనే పిలవొచ్చుగా అని అసిస్టెంట్లు అడుగుతారు. ఫీజులు, రికార్డు కంపెనీల ఒప్పందాలు అడ్డమే. వాటికంటే పెద్ద అడ్డం ఒంటి రంగు. ఆ ఏళ్ల హిట్లలో ఫాట్స్ డొమినో, లిటిల్ రిచర్డ్, చక్ బెర్రీ లాంటి నల్లజాతి గాయకులు ఉన్నారు. హిట్ పరేడ్ పద్ధతిలో వాళ్ల పాట తెర మీదికి రావచ్చు, వాళ్లు రానక్కర్లేదు. ఎవరైనా కావాలని పన్నింది కాకపోయినా, స్పాన్సరుకు అది సుఖమైన ఏర్పాటు. ‘టూ యంగ్’ గొంతు, తానూ నల్లజాతివాడే అయిన నాట్ కింగ్ కోల్‌కు అదే ఎన్‌బీసీ 1956 నవంబర్‌లో సొంత కార్యక్రమం ఇచ్చింది. నెల్సన్ రిడిల్ సంగీతం. ఎల్లా ఫిట్జెరాల్డ్, హ్యారీ బెలఫాంటే, పెగీ లీ లాంటివాళ్లు స్నేహం కొద్దీ కనీస ఫీజుకొచ్చి పాడారు. ఊళ్లవారీగా స్పాన్సర్లు దొరికారు గానీ దేశమంతటికీ నిలబడే స్పాన్సరు దొరకలేదు. దక్షిణాది స్టేషన్లు కొన్ని అసలు తీసుకోలేదు. 1957 డిసెంబర్‌లో కోల్ స్వయంగా ఆపేశాడు. ప్రకటనల వీధిని ఉద్దేశించి ‘మాడిసన్ అవెన్యూకు చీకటంటే భయం’ అన్నాడు. కాబట్టి అసలు గాయకులను పిలవడమన్న దారి సాంకేతికంగా తెరిచే ఉంది, డబ్బిచ్చేవాడి దగ్గర మూసి ఉంది.

ఇంకో దారి నిజంగా ఉంది, పక్క చానల్లో ఒకాయన నడిచి చూపించాడు కూడా. లారెన్స్ వెల్క్ 1955 జులైలో ఏబీసీలో దేశవ్యాప్తంగా మొదలయ్యాడు. హిట్ పరేడ్ లాంటి ఆర్కెస్ట్రానే, అంతకంటే పాత వాసన. అయినా 1971 దాకా ఏబీసీలో, ఆ తర్వాత స్టేషన్లకు విడిగా అమ్ముకుంటూ 1982 దాకా నడిచాడు. తేడా ఎక్కడుంది? ఆయన ‘ఇవి ఈ వారం హిట్లు’ అని ప్రమాణం చేయలేదు. మీకిష్టమైన పాటలు మా వాళ్లు వాయిస్తారు అన్నాడు, వాయించాడు. హిట్ పరేడ్ సర్వేను వదిలేసి, ఆ నలుగురినే ఉంచుకుని, చర్మోలీ డాన్సులతో పాత పాటల కార్యక్రమం అయ్యుంటే ఇంకో పదేళ్లు నడిచేదని నా అంచనా. పేరులోనే ‘హిట్’ ఉండటం వల్ల ఎవరికీ ఆ ఆలోచన రాలేదేమో.

మన దగ్గర

మనవైపు కౌంట్‌డౌన్ అనగానే గుర్తొచ్చేది 1952 డిసెంబర్‌లో రేడియో సిలోన్‌లో మొదలైన బినాకా గీత్‌మాలా. స్పాన్సరు పేరు నెత్తిన పెట్టుకున్న వారపు జాబితా, అంటే దాదాపు హిట్ పరేడ్ చుట్టమే. తెలుగిళ్లలోనూ అమీన్ సయానీ గొంతు కోసం రేడియో చెవులు మెలిపెట్టినవాళ్లున్నారు. కానీ అక్కడ వేసేది రికార్డే. లత పాట లత గొంతులోనే వస్తుంది. అందుకే ఆ సందు అక్కడ పుట్టనే లేదు, దశాబ్దాలు నడిచింది. 1977 అక్టోబర్ 23న హైదరాబాద్ దూరదర్శన్ మొదలయ్యాక వచ్చిన చిత్రలహరి కూడా సినిమా ముక్కనే చూపించింది. గొంతు అదే, బొమ్మ అదే.

మరి 1996 నుంచి ఈటీవీ ‘పాడుతా తీయగా’లో పిల్లలు ఘంటసాల, సుశీల పాటలు పాడితే ఎందుకు చెల్లింది? అక్కడ పోటీలో ఉన్నది పాట కాదు, పిల్ల. పాట ఎంత గొప్పదో అందరికీ ముందే తెలుసు. ఈ పిల్ల గమకం పట్టిందా, ఎస్పీ బాలసుబ్రహ్మణ్యం ఏ అక్షరం దగ్గర ఆపి సరిచేస్తారు అని చూడటమే ఆయన ఉన్న రోజుల్లో కార్యక్రమం. ఇంకొకరి పాట పాడటంలో దోషం లేదు. ప్రేక్షకుడు దేనికోసం కూర్చున్నాడో, దాన్నే మనం ఇస్తున్నామా అన్నదే చూడాలి.

ప్లానింగ్ మీటింగులో ఏ పాట పేరు వచ్చినా నేను ఒకటే అడుగుతాను. ఇందులో జనానికి ఎక్కింది ఏది? మాటలా, వరసా, గొంతా, వాయిద్యాల సౌండా, తెర మీది హీరో మొహమా? మాటలో వరసో అయితే ఎవరితోనైనా పాడించి ఎలాగైనా బొమ్మ కడతాను, హిట్ పరేడ్ వాళ్ల దగ్గర నేర్చుకున్నదంతా వాడతాను. గొంతు అయితే ఆ గొంతు తెస్తాం, దొరక్కపోతే పాట వదిలేస్తాం. సౌండు అయితే లైవ్ ఆర్కెస్ట్రాకు ఇవ్వను, ట్రాకే వేయిస్తాను. ఈ మధ్య వచ్చే పాటల్లో సగానికి పైగా ఈ మూడో రకం. కీబోర్డు, తబలా, ఫ్లూటుతో వాటిని స్టేజీ మీద పాడించే కార్యక్రమాలు చూస్తుంటే 1956 నాటి లాన్సన్ గుర్తొస్తాడు. తప్పు పాడేవాళ్లది కాదు, రన్‌డౌన్ రాసినవాళ్లది.

1974 వేసవిలో సీబీఎస్ ‘యువర్ హిట్ పరేడ్’ను మళ్లీ లేపింది. కొత్త గాయకులు, రంగుల తెర, పద్ధతి మాత్రం పాతదే: హిట్ పాటలను కార్యక్రమంలోని గాయకులే పాడటం. కొద్ది వారాల్లో తీసేశారు.